చేతికి దగిన కర్ర

చిత్తూరు సీమ పల్లెలలో బిళ్లంగోడు ఆడుకొను బాలురకు దుకాణముతో పనిలేదు. చింతకొమ్మయో తుమ్మకొమ్మయో విరిచి, కొడవలితో చెక్కి, తన మూరతో తానే కొలుచుకొని, ప్రతి బాలుడును తన కర్రను తానే సిద్ధము చేసికొనును. అన్న చెక్కుకొన్న కర్ర తమ్మునకు పొడవగును. తమ్ముని కర్ర అన్నకు పొట్టియగును. ఒకరి కర్ర మరియొకరి చేతికి ఇమడదని వారికెవ్వరును బోధింపలేదు. రెండు దెబ్బలు తప్పిపోగానే చేయియే ఆ సంగతి చెప్పును.

ఆ పిల్లలెరిగిన ఈ చిన్న సత్యమును ఆధారము చేసికొని ప్రపంచమున ఒక గొప్ప వర్తకము సాగుచున్నది. అది గోల్ఫు కర్రల వర్తకము. నిమ్మకాయంత బంతిని కర్రతో కొట్టి, నాలుగైదు వందల గజముల దూరమున నున్న చిన్న గుంతలో పడవేయుటయే ఆట. కాని ఆ బంతిని కొట్టుటకు వలసిన కర్రలు, బంతులు, చేతితొడుగులు, పాదరక్షలు, సంచులు అమ్ముటకు ప్రత్యేకముగ అంగళ్లు వెలసినవి. వానిలో అడుగు పెట్టిన క్రొత్తవానికి కళ్లు చెదరును. ధర వినగానే కాళ్లు తడబడును. ఏది కొనవలెను, ఏది కొనరాదు, అసలు కొనుటకు వీలుకానిది ఏది అను మూడు ప్రశ్నలకును సమాధానము తెలిసికొన్నవాడు ఆ అంగడినుండి నవ్వుచు వెలుపలికి రాగలడు.

అంగడికి ముందు మైదానము

తిరుపతిలోను చిత్తూరులోను ఆటసామగ్రి అంగళ్లకు కొదువ లేదు. క్రికెట్టు బ్యాట్లు గుత్తులుగా వ్రేలాడుచుండును. షటిలు ర్యాకెట్లు, క్యారమ్ పలకలు, వాలీబాలు వలలు వరుసలుగా కన్పట్టును. మీరట్, జలంధర్ నగరముల పనివారు తయారుచేసిన సరకు ఇట్టి అంగళ్లను నింపుచుండును. గోల్ఫు కర్రల కొరకు వచ్చినవానిని చూచి మాత్రము అంగడివాడు ఒక్క క్షణమాలోచించి, బెంగళూరు దారియో చెన్నపట్టణపు దారియో చూపుట పరిపాటి. ఇందు అంగడివాని తప్పేమియు లేదు. ఏరు లేని యూర పడవలు అమ్ముడుపోవు. గోల్ఫు అంగడి పుట్టవలెనన్న ముందు గోల్ఫు మైదానము పుట్టవలెను. పదునెనిమిది గుంతల మైదానమునకు నూరెకరములకు పైబడిన నేలయు, ఆ నేలను పచ్చగా నుంచుటకు నిత్యము నీరును కావలెను. వేరుసెనగ చేనికే చాలక ఆకాశమువంక చూచు రాయలసీమలో ఆ నీరెక్కడ నుండి వచ్చునను ప్రశ్నకు సమాధానము సులభము కాదు. నీటి కరవు గల దేశములలో పచ్చగడ్డికి బదులు నూనె కలిపిన ఇసుకను పరచుకొని, దానినే ‘బ్రౌను’ అని పిలుచుకొని ఆడినవారును కలరు.

అయినను చిత్తూరునకు ఈ ఆట మిక్కిలి దూరమైనది కాదు. తూర్పున సుమారు 155 కిలోమీటర్ల దూరమున చెన్నై, పడమట సుమారు 180 కిలోమీటర్ల దూరమున బెంగళూరు ఉన్నవి. రెండును గోల్ఫునకు పాత నెలవులే. మన దేశమున ఈ ఆటకు మొదటి పీఠము కలకత్తా. అచ్చట 1829లో నెలకొన్న గోల్ఫు సంఘముకంటె పాతది బ్రిటిషు దీవుల వెలుపల మరియొకటి లేదు. బెంగళూరు గోల్ఫు క్లబ్బు 1876లో స్థాపితమైనది. చెన్నపట్టణమున గిండీ గుఱ్ఱపు పందెముల బాట నడుమనే జిమ్ఖానా క్లబ్బువారు దశాబ్దముల తరబడి గోల్ఫు ఆడిరి. తెలుగునాట విశాఖపట్టణమునందలి ఈస్ట్ పాయింట్ గోల్ఫు క్లబ్బు 1884 నాటిది. హైదరాబాదులో గోలకొండ నయా కిల్లా గోడల చెంతనే నేడు బంతులు ఎగురుచున్నవి.

ఇంకను చేరువకు వచ్చినచో, కుప్పము సరిహద్దు దాటగానే కోలారు బంగారు గనుల ప్రాంతము. 1880 తరువాత జాన్ టేలరు కంపెనీ చేతికి వచ్చిన ఆ గనులలో తమిళులతోపాటు తెలుగు జిల్లాల నుండి వలస వెళ్లిన కూలీలు తరతరములుగ పనిచేసిరి. గని యజమానులు తమ క్లబ్బును, దానితోపాటు గోల్ఫు మైదానమును ఏర్పరచుకొనిరి. నేలమీద దొరలు తెల్లని బంతిని గుంతలోనికి దింపుచుండగా, నేలక్రింద కూలీలు మూడు కిలోమీటర్ల లోతువరకు దిగి బంగారమును పైకి పంపుచుండిరి. 2001 ఫిబ్రవరి 28న ఆ గనులు మూతపడినవి. చిత్తూరు సీమ కుటుంబములు పలువురికి గోల్ఫు అను మాట మొదట వినవచ్చినది ఈ గనులనుండియే అయినచో ఆశ్చర్యము లేదు. ఆ మాట వారి చెవిని పడినది ఆటగా కాదు, దొరల వ్యవహారముగ.

ఆంగ్లభాషలో ఆడు కర్రకును, ఆడువారి సంఘమునకును ఒకటే పేరు, క్లబ్బు. చిరకాలము ఈ రెండవ క్లబ్బు తలుపు తెరువనిదే మొదటి క్లబ్బుతో పని లేకపోయెను. సంఘమున సభ్యత్వము లేనివాడు కర్ర కొని ఏమి చేయగలడు? ఇటీవలి కాలమున రుసుము చెల్లించి గంటసేపు బంతులు కొట్టుకొను అభ్యాస మైదానములు నగరములలో వెలసిన పిమ్మటనే సామాన్య గృహస్థుడు గోల్ఫు అంగడి గడప త్రొక్కుటకు సాహసించుచున్నాడు.

మొదటి అంగడిలో మొదటి తగవు

ఈ అంగడికి మూలమెక్కడనని విచారించినచో స్కాట్లండు దేశమునందలి సెయింట్ ఆండ్రూస్ పట్టణము చేరవలెను. పందొమ్మిదవ శతాబ్ది తొలి యర్ధమున అచ్చట అలన్ రాబర్ట్‌సన్ అను నేర్పరి బంతులు చేసి అమ్ముచుండెను. ఆనాటి బంతి తోలుతో కుట్టిన చిన్నసంచి. దానిలో టోపీ నిండుగ పట్టునన్ని పక్షియీకలను తడిపి, కూరి, కుట్టివేయవలెను. ఎంతటి పనివాడైనను దినమునకు మూడు నాలుగు బంతులకంటె ఎక్కువ చేయలేకపోవుచుండెను. అందువలన బంతి వెల మిక్కుటమై, ఆట కలవారి సొత్తుగ నుండెను.

1848 ప్రాంతమున మలయా అడవులలోని ఒక చెట్టు పాలనుండి లభించు ‘గట్టా పెర్చా’ అను పదార్థముతో బంతులు చేయవచ్చునని తేలినది. వేడినీట మెత్తబరచి గుండ్రముగ చుట్టిన చాలును. పగిలినచో మరల కరగించి చేసికొనవచ్చును. బంతి ధర ఒక్కసారిగ పడిపోయెను. ఈకల బంతులపై బ్రతుకు రాబర్ట్‌సనునకు ఇది పిడుగుపాటు. అతని యొద్ద పనిచేయుచుండిన టామ్ మోరిస్ ఒకనాడు మైదానమున ఆ క్రొత్త బంతితో ఆడుచు యజమాని కంటబడెను. మాటకు మాట పెరిగి ఇరువురును విడిపోయిరి. 1851లో మోరిస్ ఊరు విడిచి ప్రెస్ట్‌విక్ చేరెను. అచ్చటనే 1860లో మొట్టమొదటి ఓపెన్ పోటీ జరిగినది. తరువాత ఆ పోటీని అతడు నాలుగుసార్లు గెలిచెను. తుదకు స్వగ్రామము తిరిగివచ్చి మైదానపు చివరి గుంత ప్రక్కనే 1866లో తన అంగడి తెరచెను. రాబర్ట్‌సన్ మాత్రము ఏమి చేయగలిగెను? కొంతకాలమునకు అతడును ఆ క్రొత్త బంతులనే చేసి అమ్మవలసి వచ్చెను.

వర్తకునకును కొనుగోలుదారునకును నడుమ నేటికిని నిలిచియున్న తగవు ఇదియే. తన యొద్ద నున్నది అమ్ముట వర్తకుని అవసరము. తన చేతికి తగినది కొనుట ఆటగాని అవసరము. ఈ రెండును ఒకచోట కలిసిన అంగడి దొరకుట అదృష్టము.

చిత్తూరునుండి ఒక తండ్రి

చిత్తూరులో ఒక ఉపాధ్యాయుడు కలడనుకొనుడు. అతని కుమార్తెకు పదునొకండేండ్లు. వేసవి సెలవులలో బెంగళూరులోని మేనమామ యింటికి వెళ్లినపుడు ఆ పిల్ల ఒక అభ్యాస మైదానమున ఎవరిదో కర్ర పుచ్చుకొని నాలుగు బంతులు కొట్టినది. మూడు నేలబారుగ పోయినవి. నాలుగవది గాలిలోనికి లేచి, క్షణకాలము అక్కడనే నిలిచినట్లు తోచి, దూరముగ పడినది. ఆ నాలుగవ బంతి ఆ పిల్లను విడువలేదు. ఇంటికి వచ్చి తండ్రిని అడిగినది. ఉపాధ్యాయుని జీతమున గోల్ఫునకు పద్దు లేదు. అయినను కుమార్తె కన్నులలో వెలుగు చూచిన తండ్రి పద్దులను తిరిగి వ్రాసికొనగలడు. పండుగకు దాచిన సొమ్ము మడతపెట్టి అతడు బస్సెక్కినాడనుకొనుడు.

బెంగళూరున బావమరది సలహా సిద్ధముగనే యుండును. “కొత్తవెందుకు బావా? మా తమ్ముడు అమెరికా నుంచి తెచ్చిన సెట్టు అటక మీద ఉండనే ఉంది. పైన నాలుగంగుళాలు కోయించి పాపకిస్తే సరిపోతుంది.”

ప్రేమతోడను పొదుపుతోడను చెప్పిన ఈ మాటయే పిల్ల ఆటకు పెద్ద చేటు కాగలదు. పెద్దవాని డ్రైవరు కర్రకు తలకాయ యొక్కటే సుమారు 200 గ్రాములు తూగును; ఇనుప కర్రల తలలు ఇంకను బరువు. కర్రను పైన కోసినపుడు పొడవు తగ్గునే గాని తలబరువు తగ్గదు. పైగా కాండము పొట్టియైన కొలది వంగుట మాని బిరుసెక్కును. ఆ బరువును మోయలేక పిల్ల నడుమును, మణికట్లను వంకర త్రిప్పి కొట్టుట నేర్చుకొనును. ఆరు నెలలు అట్లు కొట్టిన పిమ్మట ఆ వంకరయే అలవాటగును. అపుడు మంచి కర్ర చేతికిచ్చినను చేయి వినదు. మొక్కగా వంగనిది మ్రానై వంగునా యని పెద్దలన్న మాట తప్పుగా వంగిన మొక్కకును వర్తించును.

ఎరిగిన అంగడివాడు ఇట్టి సందర్భమున ముందుగ సరకు చూపడు, టేపు తీయును. దర్జీ బట్ట చింపుటకు ముందు కొలత తీసినట్లే ఇతడును పిల్ల ఎత్తు కొలుచును. చేతులు జారవిడిచి నిలబడుమని మణికట్టు మడత నుండి నేలవరకు దూరము చూచును. ఇరువురు ఒకే ఎత్తువారైనను ఒకరి చేతులు పొడవు, మరియొకరివి పొట్టి కావచ్చును. కర్ర పొడవును నిర్ణయించుటకు ఎత్తును చేతుల పొడవును కలిపి చూడవలెను. తరువాత అరచేతిని, వ్రేళ్లను చూచి పిడి లావు నిర్ణయించును. పిడి మరీ లావైనచో మణికట్టు ఆడదు. మరీ సన్నమైనచో వ్రేళ్లు బిగుసుకొనును. చేతితొడుగు విషయమున క్రొత్తవారు పొరబడుచుందురు. కుడిచేతివాటము వాడు తొడుగును ఎడమచేతికి ధరించును. ఏలయనగా కర్రకు పైపట్టు ఎడమచేతిదే.

పిదప చూడవలసినది కర్ర నేలకు ఆను తీరు. కర్ర అడుగుభాగము నేలపై సమముగ ఆనవలెను. ముక్కు లేచి మడమ తగిలినచో కుడిచేతివాని బంతి ఎడమకు పోవును. ముక్కు తగిలి మడమ లేచినచో కుడికి పోవును. ఆటగాడు తన చేతిని నిందించుకొని ఏడాది తంటాలు పడును. దోషము కర్ర కోణమున నున్నదని తెలియదు. కాండపు వంపు మరియొక లెక్క. నెమ్మదిగ త్రిప్పువానికి మెత్తని కాండము, వేగముగ త్రిప్పువానికి బిరుసు కాండము తగును. బలశాలియని చెప్పించుకొనవలెనను మోజుతో బిరుసు కాండము కొనువారు పెక్కురు. కొన్నది గర్వము, పోవునది దూరము.

కర్రల సంఖ్య చూచి కూడ క్రొత్తవాడు జంకును. సంచిలో పదునాలుగు కర్రలకు మించి ఉండరాదను నియమమును అమెరికా సంఘము 1938లోను, సెయింట్ ఆండ్రూస్ సంఘము మరుసటి యేటను చేసినవి. అంతకు ముందు ఇరువదికి మించి మోయించినవారును ఉండిరి. పదునాలుగు హద్దే గాని విధి కాదు. ఒక్కొక్క కర్రకు ముఖపు వాలు వేరు. డ్రైవరు ముఖము పది డిగ్రీల ప్రాంతమున ఇంచుమించు నిటారుగ నుండును; బంతి దూరము పోవును. ఏడవ నంబరు ఇనుప కర్ర ముప్పది డిగ్రీలకు పైబడి వాలియుండును. ఇసుక గుంటలనుండి లేవనెత్తు కర్ర 56 డిగ్రీల వరకు వాలి, బంతిని పైకెత్తి మెత్తగ దింపును. పట్టరు వాలు మూడు నాలుగు డిగ్రీలే. అది బంతిని నేలపై దొర్లించును. క్రొత్తవానికి వీనిలో సగము, ఆరేడు కర్రలు చాలును. పిల్లకు ఇంకను తక్కువ. ఎదుగు పిల్లకు ఎత్తును బట్టి తూకము తగ్గించి చేసిన సెట్లు దొరకును. రెండేండ్లకు అవి పొట్టివగును గనుక ఖరీదైన పేరుకై వెంపరలాడనక్కరలేదు.

దామలచెరువు మామిడి మండీలో ఎరిగినవాడు గంపపై మెరయు పండ్లను చూచి మురియడు. అడుగున చేయి పెట్టి ఒక కాయను తీసి, తొడిమ చూచి, వాసన చూచి బేరమాడును. గోల్ఫు అంగడిలోను అదే తెలివి పనికివచ్చును. వాడిన కర్రలు కొనువాడు ముఖముపై గీతలు అరిగినవేమో, పిడి తోలు జారుచున్నదేమో, కాండము తలను కలియు చోట బీటలున్నవేమో చూడవలెను. పేరుగల సరకు నమ్మరాని చవుకకు దొరకినచో, అది నకిలీ కావచ్చునని అనుమానింపవలెను. అన్నిటికంటె ముఖ్యము, కొట్టి చూడనిదే కొనరాదు. బంతి కొట్టి చూచుటకు చోటీయని అంగడి, కాలు పెట్టి చూడనీయని చెప్పుల దుకాణము వంటిది.

మ్రోగించి చూడుడు

సంతలో కుండ కొను ఇల్లాలు వ్రేలితో తట్టి ధ్వని విని గాని కొనదు. బాగుగ కాలిన కుండ కంగుమనును, బీటవారినది బొంగురుపోవును. గోల్ఫు సరకులోను ధ్వనివలన పేరు పొందిన కథ యొకటి కలదు. నార్వేలో పుట్టి అమెరికాలో స్థిరపడిన కార్‌స్టెన్ సోల్‌హైమ్ జనరల్ ఎలక్ట్రిక్ కంపెనీలో ఇంజనీరు. నడివయసున ఆట మొదలుపెట్టి, పట్టరుతో బంతిని తిన్నగ దొర్లింపలేక విసిగెను. తప్పు తనదా కర్రదా యని ఇంజనీరుగ ఆలోచించెను. తలబరువును నడుమనుండి రెండు కొనలకు పంచినచో, బంతి కొంచెము ప్రక్కకు తగిలినను కర్ర మెలితిరుగదని కనుగొనెను. 1959లో తన యింటి కారు కొట్టములో అట్టి పట్టరును చేసెను. బంతి తగిలినపుడు అది ‘పింగ్’ అని మ్రోగుటచే ఆ ధ్వనియే సరకునకు పేరైనది. 1966లో ‘ఆన్సర్’ అను పట్టరును గ్రామఫోను రికార్డు అట్టపై గీచి రూపొందించెను. నేడు అంగళ్లలో కనబడు పట్టరులలో పెక్కు ఆ రూపమునకు సంతానమే.

ఈ పట్టరు గూర్చి కొనువారికి ఒక మాట చెప్పవలసియున్నది. అంగడి ముందువరుసలో మెరయునది డ్రైవరు. మూల నిలుచునది పట్టరు. సొమ్ము డ్రైవరునకు పోవును. కాని ఆటలో దెబ్బలు లెక్కపెట్టినచో మూడవవంతునకు పైగా పట్టరుతో కొట్టినవే యుండును. ఇందుకు మన కన్నుల యెదుటి ఉదాహరణము బెంగళూరు బాలిక అదితీ అశోక్. ఐదేండ్ల వయసున అభ్యాస మైదానమును చూచి ముచ్చటపడిన ఆ పిల్ల 2016 రియో ఒలింపిక్సులో ఆడినది. కోవిడ్ కారణముగ 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్సునకు ముందు ఆ వ్యాధికే గురియై దేహబలమును కోల్పోయినది. బంతిని దూరము కొట్టుటలో ఎదుటివారికి చాల వెనుకబడినది. అయినను పట్టరు పుచ్చుకొని గుంత చెంతకు చేరినపుడు ఆమెను మించినవారు లేకపోయిరి. కాంస్య పతకమునకు ఒక్క దెబ్బ దూరమున నాలుగవ స్థానము పొందినది. ఆ నాలుగు దినములును ఆమె సంచిని మోసినది కన్నతల్లి.

బంతి కొనుటలోను మోజు కంటె వివేకము మేలు. బంతి వ్యాసము 42.67 మిల్లీమీటర్లకు తగ్గరాదు, బరువు 45.93 గ్రాములకు, అనగా మన నాలుగు తులములకు కొంచెము తక్కువకు, మించరాదు. ఒంటిపై మూడు నాలుగు వందల చిన్న గుంటలు గలవు. గట్టా పెర్చా బంతులు క్రొత్తలో నున్నగ నుండి దిక్కుతోచక ఎగురుచుండ, దెబ్బలు తిని మచ్చలు పడిన పాతబంతులు చక్కగ పోవుటను ఆటగాండ్రు గమనించిరి. ఆ మచ్చల మర్మము తెలిసిన పిదప కావలెననియే గుంటలు వేయసాగిరి. గుంటలు బంతిని అంటియున్న గాలిపొరను కలచి వెనుకలాగుడును తగ్గించును. ఇంచుమించు రెట్టింపు దూరము వాని పుణ్యమే. నేర్చుకొనువాడు పది బంతులలో ఐదు పొదలపాలు, నీటిపాలు చేయును. కనుక చెరువులలోనుండి ఏరి కడిగి అమ్ము పాత బంతులే అతనికి తగినవి.

మోయువారు, కొనలేనివారు

తెలుగునాట ‘కేడీ’ యనిన పోలీసు చిట్టాకు ఎక్కినవాడని యర్థము. గోల్ఫు మైదానమున కేడీ యనగా ఆటగాని సంచి మోసి, గాలివాటు చెప్పి, తప్పిన బంతి వెదకి తెచ్చు పనివాడు. పేరు ఒకటే యగుట యాదృచ్ఛికమే గాని, చిరకాలము సమాజము ఇరువురను సమానమైన దూరముననే నిలిపినది. లక్షల విలువగల కర్రలను భుజముపై మోసి, తనకొక్క కర్రయు కొనలేని జీవితము కేడీది. విరిగిన కర్రను సవరించుకొని, దొరకిన బంతిని దాచుకొని, యజమాని లేని వేళ చీకటివేళ కొట్టి నేర్చినవారు వారిలో నెందరో కలరు.

వారిలో కొందరు చరిత్రకెక్కిరి. ఢిల్లీ మైదానమున కేడీగా నుండిన అలీ షేర్ 1991లో ఇండియన్ ఓపెన్ పోటీని గెలిచెను. 1965లో పి.జి. సేఠీ గెలిచిన పిమ్మట ఆ బిరుదు మరల ఒక భారతీయునకు దక్కుట అదియే. 1993లో అతడు మరల గెలిచెను. బెంగళూరునుండి వచ్చిన చిన్నస్వామి మునియప్ప కూడ కేడీగా బ్రతుకు మొదలిడి 2009లో అదే పోటీని జయించెను. వీరికి కొలత తీసిన అంగడి లేదు. ఎవరో విడిచిన కర్రయే గురువు. ఈ సంగతి తలచినపుడు కొలతల మాట వ్యర్థమని తోచవచ్చును. కాని నిదానించి చూచిన, తగని కర్రతో నేర్చి గెలిచినవారు పేళ్లు చెప్పగలిగినంత కొద్దిమంది. తగిన కర్ర లేక మరలిపోయినవారి పేళ్లు ఏ పుస్తకమునను లేవు.

అమ్మకమునకు లేనిది

అంగడిలో దొరకని వస్తువొకటి ఈ ఆటకు మిక్కిలి అవసరము. దానిని గూర్చి చెప్పుటకు సముద్రములు దాటిన ఒక తెలుగు కుటుంబమును తలవవలెను. హైదరాబాదునుండి మురళీధర్ తీగల ఉన్నత విద్యకై 1980ల చివర అమెరికా చేరెను. అతని కుమారుడు సాహిత్ 1997లో కాలిఫోర్నియాలో జన్మించెను. తండ్రి కుమారుని చేయిపట్టి మైదానములకు త్రిప్పెను. పెప్పర్‌డైన్ విశ్వవిద్యాలయమున పేరు గడించి, వృత్తి ఆటగాడై, రెండుమూడు మారులు గెలుపు అంచున జారిపడి, తుదకు 2023 సెప్టెంబరున నాపాలో జరిగిన ఫోర్టినెట్ పోటీలో సాహిత్ తన మొదటి పి.జి.ఏ. టూర్ విజయమును అందుకొనెను.

అంతకంటె చెప్పదగినది మరుసటి యేడు జరిగినది. అట్లాంటాలోని ఈస్ట్ లేక్ మైదానమున 2024 టూర్ ఛాంపియన్‌షిప్ మూడవ దినము. మూడవ గుంత యొద్ద సాహిత్ బంతి ఇసుక గుంటలో పడెను. కర్రను వెనుకకు తీయుచుండగ అది ఇసుకను రవంత తాకినట్లు అతనికి తోచెను. అట్లు తాకుట నియమవిరుద్ధము. చూచినవారెవ్వరును వేలెత్తి చూపలేదు. అతడే అధికారిని పిలిచి చెప్పి, తనపై తానే రెండు దెబ్బల శిక్ష వేయించుకొనెను. పోటీ ముగిసినపుడు కాలిన్ మోరికావాకు సరిగా రెండు దెబ్బలు వెనుకబడి మూడవ స్థానమున నిలిచెను. ఆ శిక్ష లేకున్నచో రెండవ స్థానమును పంచుకొనియుండెడివాడు. మూడవ బహుమానము 75 లక్షల డాలర్లు. రెండవది ఒక కోటి 25 లక్షలు. పంచుకొన్నచో చెరి యొక కోటి. అనగా రవంత ఇసుక విలువ 25 లక్షల డాలర్లు. తన కంటికి తప్ప మరెవ్వరికిని కనబడని ఇసుక అది.

వందల యెకరముల మైదానమున ఆటగాడు ఒంటరి. పొదచాటున బంతిని కాలితో జరిపినను చూచువాడుండడు. తన లెక్క తానే వ్రాసికొనవలెను. ఏ అంగడియు అమ్మజాలని సరకు ఇదియే. సంచిలో పదునాలుగు కర్రలకు చోటున్నది గాని దీనికి చోటు మనస్సులోనే.

చిత్తూరు తండ్రి ఇంతవరకు ఆలోచింపకపోవచ్చును. బెంగళూరు అంగడిలో కొలతలు తీయించి, బావమరదికి నచ్చజెప్పి, కుమార్తె యెత్తుకు తగిన ఐదు కర్రలను, కడిగిన పాతబంతులు రెండు డజన్లను కొని తిరుగు బస్సెక్కినాడు. ముళబాగిలు, పలమనేరు దాటి బస్సు మొగిలి కనుమ దిగువేళకు పిల్ల సంచిపై తలవాల్చి నిదురపోయినది. సంచిలో మోగిన చప్పుడునకు ప్రక్కసీటు రైతు అది యేమియని అడిగినాడు. ఉపాధ్యాయుడు చెప్పినాడు. రైతు కొంతసేపు ఆలోచించి, “దీన్నుంచి ఏమొస్తాది సారూ?” అన్నాడు. ఉపాధ్యాయునకు సమాధానము దొరకలేదు. “చూడాల” అని మాత్రము అన్నాడు.

మరునాడు బడి మైదానమున పిల్ల బంతిని కొట్టుచుండగ బిళ్లంగోడు ఆడు బాలురు ఆట మాని చుట్టును చేరిరి. వారిలో చిన్నవాడొకడు ముందుకు వచ్చి, ఆ మెరయు కర్రను పుచ్చుకొని, తన చింతకర్ర ప్రక్కన నిలిపి, రెంటిని తన నడుముతో కొలిచి చూచినాడు. “ఇది నాకు పొడుగైతాదక్కా” అని తిరిగి యిచ్చివేసినాడు.

నగరమునందలి అంగడివాడు టేపు తీసి చెప్పిన మాటయే అది.